ఓడినా కుర్చీ పోని దేశం

మా బాబాయ్ మూడుసార్లు సర్పంచిగా నిలబడి మూడుసార్లూ ఓడిపోయాడు. మొదటిసారి ఉంగరం గుర్తు, రెండోసారి ఫుట్‌బాల్, మూడోసారి కత్తెర. చివరిసారి తేడా 11 ఓట్లు. ఆ 11 మంది ఎవరో తనకు తెలుసంటాడు. వాళ్ళలో ఒకరు ఇంట్లోనే ఉన్నారని పిన్ని వంక చూస్తూ మరీ అంటాడు. అటక మీద కత్తెర గుర్తు కరపత్రాల కట్ట ఇంకా మిగిలే ఉంది. వెనకవైపు తెల్లగా ఉంటాయి కాబట్టి పాల లెక్క, ఇస్త్రీ బట్టల పద్దు, మనవరాలి ఎక్కాలు అన్నీ వాటి మీదే నడుస్తాయి.

మొన్న పండక్కి వెళ్ళినప్పుడు ఆయన్ని ఊరడిద్దామని ఒక నిజం చెప్పాను. హిందూ మహాసముద్రంలో మారిషస్ అని ఒక దేశం ఉంది. అక్కడ ఎన్నికలయ్యాక ఓడిపోయినవాళ్ళ జాబితా తీసి, వాళ్ళలో మేలురకం ఓటమి పొందినవాళ్ళని ఏరి, పార్లమెంటులో కూర్చోబెడతారు. అలాంటి కుర్చీలు 8 దాకా ఉంటాయి. ఆ పద్ధతి పేరే ‘బెస్ట్ లూజర్’. ఎవరో తమాషాకి పెట్టింది కాదు, రాజ్యాంగంలోనే రాసుకున్నారు.

బాబాయ్ కాసేపు మాట్లాడలేదు. తర్వాత అడిగాడు: "వీసాకి ఎంతవుద్దిరా?"

"మనవాళ్ళకి ముందస్తు వీసా అక్కర్లేదు బాబాయ్. టూరిస్టుగా రెండు నెలలు ఉండొచ్చు."

"నామినేషన్‌కి రెండు నెలలెందుకు," అని ఒక కరపత్రం తిరగేసి, పెన్ను తీసి, "చెప్పు. అక్కడ ఎవడెవడు ఓడిపోయాడు, ఎవడికేం దక్కింది?" అన్నాడు. మధ్యలో గీత గీసి ఎడమవైపు ‘ఓడినోడు’ అని, కుడివైపు ‘దక్కింది’ అని రాసుకున్నాడు.

ఆ విధంగా ఈ పరిశోధన మొదలైంది. వలస పాలన నుంచి బయటపడ్డ దేశాల మీద పెద్ద పెద్ద విశ్వవిద్యాలయాల్లో చాలా పనే జరిగింది గానీ, ఓటమిని ఇంత మర్యాదగా చూసుకున్న దేశం మారిషస్ లాంటిది మరొకటి లేదన్న సంగతి ఎవరూ గట్టిగా చెప్పినట్టు లేదు. ఆ లోటు మా వీధి అరుగు మీద తీరింది.

ముందు దేశం సైజు. విస్తీర్ణం 2,040 చదరపు కిలోమీటర్లు, ఇంచుమించు మా కోనసీమ జిల్లా అంత. జనాభా 12 లక్షల చిల్లర, కోనసీమ కంటే తక్కువే. "అయితే ఒక ఎంపీ సీటు," అన్నాడు బాబాయ్. కాదు, అదొక పూర్తి దేశం. దానికో ప్రధాని, ఓ రాష్ట్రపతి, ఐక్యరాజ్యసమితిలో ఒక ఓటు ఉన్నాయి.

అక్కడ మొదట ఓడిపోయింది మనిషి కాదు, పక్షి. 1598లో డచ్చివాళ్ళు దిగేటప్పటికి ఆ దీవిలో మనుషులు లేరు. ఎగరలేని, మనిషిని చూసి భయపడాలని కూడా తెలియని డోడోలు ఉండేవి. డచ్చివాళ్ళు కొన్నిటిని తిన్నారు. వాళ్ళ ఓడల్లోంచి దిగిన పందులు, ఎలుకలు, కోతులు గుడ్ల సంగతి చూసుకున్నాయి. 1662 తర్వాత డోడోని కళ్ళారా చూశామని నమ్మకంగా చెప్పినవాళ్ళు లేరు. అదే డచ్చివాళ్ళు జావా నుంచి జింకల్ని, చెరకుని తెచ్చారు. ఇప్పుడు ఆ దేశపు రాజముద్ర చూడండి. ఒకపక్క డోడో, ఒకపక్క జింక, చెరో చెరకుగడ పట్టుకుని నిలబడి ఉంటాయి. ఊరిది చచ్చిపోయింది, వలస వచ్చింది బతికింది, మధ్యలో చెరకు. ఏ దేశమూ తన చరిత్రని ఇంత పొదుపుగా, ఇంత నిజాయితీగా బొమ్మ వేసుకోలేదు. కింద నినాదం కూడా ఉంది, లాటిన్‌లో. ఆ దేశంలో ఏ ఇంట్లోనూ మాట్లాడని భాష కాబట్టి ఎవరికీ అభ్యంతరం లేదు.

బాబాయ్ రాసుకున్నాడు: డోడో – రాజముద్ర.

డచ్చివాళ్ళు 1710లో ఇక మావల్ల కాదని దీవి వదిలేసి పోయారు. 1715లో ఫ్రెంచివాళ్ళు వచ్చారు. వాళ్ళు పోర్ట్ లూయిస్ కట్టి, ఆఫ్రికా నుంచి, మడగాస్కర్ నుంచి బానిసల్ని తెచ్చి చెరకు వేయించారు. 1810 ఆగస్టులో గ్రాండ్ పోర్ట్ దగ్గర బ్రిటిష్ నౌకాదళాన్ని ఓడించారు కూడా. నెపోలియన్ విజయాలన్నీ చెక్కిన పారిస్ విజయ తోరణం మీద ఆ పేరు ఇప్పటికీ ఉంది. తోరణం మీద లేని విషయం ఏమిటంటే, అదే ఏడాది డిసెంబర్‌కల్లా బ్రిటిషువాళ్ళు దీవి మొత్తాన్ని పట్టేసుకున్నారు.

అసలు ఓటమి కళ అక్కడే మొదలైంది. లొంగిపోతూ ఫ్రెంచివాళ్ళు పెట్టిన షరతులేమిటి? మా భాష మాకుండాలి, మా మతం, మా చట్టాలు, మా ఆస్తులు మాకుండాలి. గెలిచినవాళ్ళు సరేనన్నారు. ఇల్లు కొనుక్కున్నవాడు పాత యజమానితో "మీరు లోపలే ఉండండి, నేను అరుగు మీద పడుకుంటాను, అద్దె కూడా వద్దు" అన్నట్టు. ఫలితంగా ఇప్పటికీ అక్కడ పార్లమెంటు భాష ఇంగ్లిషు, పేపరు భాష ఫ్రెంచి, ఇంట్లో వీధిలో మాట్లాడే భాష ఫ్రెంచిలోంచి పుట్టిన క్రియోల్. రాజ్యాంగం ప్రకారం సభలో ఇంగ్లిషు మాట్లాడాలి, కావాలంటే ఫ్రెంచిలో మాట్లాడొచ్చు. ఓటరుకి ఓటు అడిగిన భాష మాత్రం ఆ వాక్యంలో లేదు. ఓట్లు అడిగే భాష, ఓట్లు పడ్డాక మాట్లాడే భాష వేరు అన్నది మనకీ తెలుసు గానీ, మనం రాజ్యాంగంలో రాసుకోలేదు.

1835 ఫిబ్రవరి 1న బానిసత్వం రద్దయింది. ఇక్కడ ఓడిపోయినవాళ్ళు యజమానులు. పాపం, మనుషుల్ని పోగొట్టుకున్నారు. వాళ్ళకి బ్రిటిష్ ప్రభుత్వం 20 లక్షల పౌండ్లకు పైగా నష్టపరిహారం ఇచ్చింది. గెలిచిన బానిసలకి ‘అప్రెంటిస్’ అని కొత్త పేరు పెట్టి, అదే యజమాని దగ్గర మరికొన్నేళ్ళు చాకిరీ చెయ్యమంది.

"ఓడినోడికే డబ్బులా?" అన్నాడు బాబాయ్, కరపత్రం మీద వంగి. ఆయనకి డిపాజిట్ కూడా తిరిగి రాలేదు మరి, రెండోసారి.

ఇక కథలోకి మనం వస్తాం. బానిసలు పోతే చెరకు ఎవరు కొడతారన్న ప్రశ్నకి బ్రిటిషువాళ్ళు ఇండియా వైపు చూశారు. 1834 నవంబర్ 2న ‘అట్లాస్’ అనే ఓడలో 36 మంది దిగారు. దీనికి వాళ్ళు పెట్టుకున్న పేరు ‘మహా ప్రయోగం’. జీతం ఇచ్చి కూడా బానిసలా పని చేయించుకోవచ్చా అన్నది ప్రయోగం. చేయించుకోవచ్చని తేలింది. తర్వాత దాదాపు 5 లక్షల మంది ఆ దారినే వెళ్ళారు. వాళ్ళలో విశాఖ, గంజాం, గోదావరి వైపు మనవాళ్ళు చాలామంది. మా కాకినాడ పక్కనే ఉన్న కోరంగి రేవులో ఓడెక్కారు కాబట్టి అక్కడ తెలుగువాడి పేరే ‘కోరంగి’ అయింది. ఊరి పేరే కులం పేరై, భాష పేరై, కొన్నిచోట్ల తిట్టు కూడా అయింది. ఒక రోజు నాగా పెడితే రెండు రోజుల కూలి కోసేవాళ్ళు. ఎక్కడికెళ్ళినా ఫోటో అంటించిన టికెట్ దగ్గరుండాలి, లేకపోతే దేశదిమ్మరి అని జైలు. మనం ఆధార్ కార్డు కొత్తగా కనిపెట్టామనుకుంటాం.

కోరంగి రేవు ఇప్పుడు లేదు. 1839 తుఫాను దాన్ని తుడిచిపెట్టేసింది. ఇప్పుడక్కడ మడ అడవి, చెక్క వంతెన, ఆదివారం పూట సెల్ఫీలు, మొక్కజొన్న పొత్తులు. కానీ మారిషస్‌లో ఉగాదికి జాతీయ సెలవు ఉంది, బళ్ళో తెలుగు చెబుతారు, 1990లో మూడో ప్రపంచ తెలుగు మహాసభలు అక్కడే జరిగాయి. బాబాయ్ ఎడమవైపు ‘కోరంగోళ్ళు’ అని రాసి, కుడివైపు ‘ఉగాది సెలవు’ అని రాశాడు. కాసేపు చూసి, ‘తెలుగు పిరియడ్’ అని కూడా చేర్చాడు.

ఇప్పుడు స్వాతంత్ర్యం. 1967 ఆగస్టులో ఎన్నికలు జరిగాయి. ప్రశ్న ఒక్కటే: బ్రిటిషువాళ్ళు వెళ్ళాలా, ఉండాలా? శివసాగర్ రామ్‌గులామ్ కూటమి వెళ్ళాలంది. గేతాన్ దువాల్ పార్టీ వద్దంది, బ్రిటన్‌తోనే ఉందామంది. దాదాపు 44 శాతం మంది దువాల్ పక్షానికి ఓటేశారు. అంటే ప్రతి పదిమందిలో నలుగురికి పైగా "స్వరాజ్యమా, వద్దులెండి" అన్నారన్నమాట. అలా అన్నవాళ్ళు మన దగ్గరా ఉన్నారు గానీ మనం ఓటింగ్ పెట్టలేదు, అందుకని పరువు దక్కింది. చివరికి 1968 మార్చి 12న స్వతంత్రం వచ్చింది. గాంధీ గారు దండి యాత్ర మొదలెట్టిన తేదీ అని ఏరి పెట్టుకున్నారు.

మరి ఓడిపోయిన దువాల్ ఏమయ్యారు? రెండేళ్ళు తిరిగేసరికి రామ్‌గులామ్ ప్రభుత్వంలో చేరి విదేశాంగ మంత్రి అయ్యారు. స్వతంత్ర దేశం అక్కర్లేదన్న మనిషే, ఆ స్వతంత్ర దేశం తరఫున ప్రపంచంతో మాట్లాడే పనికి కుదిరాడు. పెళ్ళి వద్దని అడ్డం పడ్డ మేనమామ చేతే శుభలేఖలు పంచించినట్టు. అంతటితో ఆగలేదు. ఇవాళ మారిషస్‌లో 2,000 రూపాయల నోటు మీద రామ్‌గులామ్ బొమ్మ ఉంటుంది, 1,000 నోటు మీద దువాల్ బొమ్మ ఉంటుంది. స్వాతంత్ర్యం కావాలన్నవాడికి రెండు వేలు, వద్దన్నవాడికి వెయ్యి. లెక్క అంటే అలా ఉండాలి.

ఆ నోట్ల కట్ట ఒకసారి విప్పి చూడాలి. 25 రూపాయల మీద చైనా సంతతి నాయకుడు. 50 మీద తెల్లాయన. 100 మీద తమిళుడు. 200 మీద ముస్లిం నాయకుడు. 500 మీద హిందువు. తర్వాత ఆఫ్రికా మూలాలున్న క్రియోల్ వర్గం నుంచి దువాల్, పైన మళ్ళీ హిందూ రామ్‌గులామ్. ఒక్కో సామాజిక వర్గానికి ఒక్కో నోటు. మన దగ్గర మంత్రివర్గ విస్తరణకి పడే టెన్షనంతా వాళ్ళు పర్సులో పడతారు. మీ వాళ్ళ విలువెంత అని అక్కడ ఎవరైనా అడిగితే చిల్లర తీసి చూపించొచ్చు. తెలుగువాడి బొమ్మ ఏ నోటు మీదా లేదని గమనించాను. ఫిర్యాదు కాదు, గమనించానంతే.

ఆ నోట్ల మీద ఇంగ్లిషుతోపాటు తమిళం, నాగరి అక్షరాలు కూడా ఉంటాయి. 1998లో కొత్త నోట్లు అచ్చేసినప్పుడు, అప్పటిదాకా రెండో వరసలో ఉన్న తమిళం మూడో వరసకి జారింది. అచ్చులో అరంగుళం కూడా ఉండదు. తమిళులు భగ్గుమన్నారు. చివరికి బ్యాంకు ఆ నోట్లన్నిటినీ వెనక్కి తీసుకుని, వరస సరిచేసి మళ్ళీ అచ్చేయించింది. నోట్ల రద్దుకి మనకి నల్లధనం లాంటి పెద్ద కారణం కావలసి వచ్చింది, వాళ్ళకి వరస చాలింది. విందులో విస్తరి ఎక్కడ వేశారన్న దాని మీద ఊళ్ళు రెండుగా చీలిన చరిత్ర ఉన్నవాళ్ళం, మనం నవ్వకూడదు.

బెస్ట్ లూజర్ కుర్చీలకీ ఇదే మూలం. 62 మందిని జనం ఎన్నుకుంటారు. ఆ 62లో ఏ వర్గానికి తక్కువ పడ్డాయో చూసి, ఆ వర్గంలో ఓడినవాళ్ళని 8 మంది దాకా తెచ్చి కలుపుతారు. అందుకని నామినేషన్ వేసేటప్పుడే నువ్వెవరో చెప్పాలి. రాజ్యాంగంలో నాలుగు డబ్బాలున్నాయి: హిందూ, ముస్లిం, చైనా సంతతి, జనరల్ పాప్యులేషన్. ఈ నాలుగోది ఎవరయ్యా అంటే, జీవన విధానాన్ని బట్టి పై మూడింటిలో దేనికీ చెందనట్టు కనిపించే ప్రతి మనిషీ.

"జీవన విధానమంటే?" అన్నాడు బాబాయ్. "పొద్దున్నే టిఫినేం తింటున్నాడో చూస్తారా?"

ఎవరు చూస్తారో నాకూ తెలీదు. తమాషా ఇంకోటుంది. జనాభా లెక్కల్లో ఈ వర్గాల ప్రశ్నని 1980ల్లోనే తీసేశారు. మనుషుల్ని ఇలా విడదీయడం తప్పని అప్పుడు అనిపించింది. కుర్చీలు పంచడానికి మాత్రం 1972 జనాభా లెక్కలే వాడుతూ వచ్చారు. అంటే 2024లో ఓడిపోయినవాడికి కుర్చీ దక్కేదీ లేనిదీ, 1972లో అక్కడ ఎవరెవరు బతికున్నారన్న దాని మీద ఆధారపడింది. నా వర్గమేదో నేను చెప్పనన్న అభ్యర్థుల నామినేషన్లు తోసేశారు. వాళ్ళు ఐక్యరాజ్యసమితి మానవ హక్కుల కమిటీ దాకా వెళ్ళారు. 2012లో కమిటీ వాళ్ళదే న్యాయమంది. 2014లో ‘తాత్కాలికంగా’ ఒక చట్టం చేసి, చెప్పకపోయినా ఫర్వాలేదన్నారు. ఈ పోరాటం చేసిన పార్టీ 2024లో గెలిచిన కూటమిలో చేరింది. ఆ ఎన్నికల్లోనూ ఓడినవాళ్ళకి కుర్చీలు యథావిధిగా వేశారు.

వెయ్యకపోతే కుదరదు కూడా. ఎందుకంటే అక్కడ జనానికి కోపమొస్తే 60–0 స్కోరు కొడతారు. రోడ్రిగ్స్ అనే చిన్న దీవి సీట్లు రెండూ పక్కన పెడితే, అసలు దీవిలో ఉన్నవి 60. 1982లో అన్నీ ఒకే కూటమికి. 1995లో మళ్ళీ అన్నీ ఒకే కూటమికి. 2024లో ఇంకోసారి. మనం 2019లో 175కి 151, 2024లో 164 చూసి నోరెళ్ళబెట్టాం. అంత ఊచకోతలోనూ మనవాళ్ళు పదో పరకో మిగులుస్తారు. అక్కడ ఓడినవాళ్ళకి కుర్చీలు వెయ్యకపోతే స్పీకర్ గారు చూడటానికి ఎదురుగా గోడ తప్ప ఏమీ ఉండదు. 1982లో దువాల్ ఆ దారినే సభలోకి వచ్చి ప్రతిపక్ష నాయకుడయ్యారు. 2024లో ఆయన మనవడు కూడా అదే దారిన వచ్చాడు. తాత పోగొట్టుకున్న పొలం మనవడు సంపాదించుకుంటే కబుర్లు చెప్పుకుంటాం. తాత ఓడిపోయిన పద్ధతిని మనవడు నిలబెడితే ఎవరూ మెచ్చుకోరు.

1982లో అన్నిటికంటే పెద్దగా ఓడింది రామ్‌గులామ్. జాతిపిత అంతటివాడు, సొంత సీటు కూడా పోయింది. ఆయన్ని మట్టి కరిపించిన అనిరుద్ధ్ జగన్నాథ్ (ఈ జగన్నాథ్‌నే ఓడరేవు గుమాస్తాలు ఫ్రెంచి చెవులతో విని ‘జుగ్నోత్’ అని రాసుకున్నారు) ఏం చేశాడు? మరుసటి ఏడాది ఆయన్నే గవర్నర్ జనరల్‌ని చేసి రాజభవనంలో కూర్చోబెట్టాడు. బాబాయ్ పెన్ను ఆపి, ప్రస్తుత సర్పంచి ఇంటివైపు చూశాడు. అంతటి సంస్కారం అక్కడ కనిపించలేదు కాబోలు, మళ్ళీ రాసుకోవడంలో పడ్డాడు.

కుటుంబాల సంగతి క్లుప్తంగా చెబుతాను. వారసత్వ రాజకీయం మీద తెలుగు పాఠకుడికి పాఠం చెప్పడం తాతకి దగ్గు నేర్పడమే అవుతుంది. 1968 నుంచి 2024 ఎన్నికల దాకా ఆ దేశానికి ప్రధానులైనవాళ్ళు అయిదుగురే. వాళ్ళలో నలుగురు రెండిళ్ళవాళ్ళు: రామ్‌గులామ్ తండ్రీకొడుకులు, జగన్నాథ్ తండ్రీకొడుకులు. అయిదోవాడు పాల్ బెరాంజే. ఆయనది ప్రత్యేక ప్రజ్ఞ. 1971లో రామ్‌గులామ్ ప్రభుత్వం ఆయన్ని జైల్లో పెట్టింది. 1982లో జగన్నాథ్‌తో కలిసి గెలిచి ఆర్థిక మంత్రి అయ్యారు, ఏడాదికల్లా విడిపోయారు. 1991లో మళ్ళీ జగన్నాథ్‌తో. 1995లో చిన్న రామ్‌గులామ్‌తో. 2000లో మళ్ళీ పెద్ద జగన్నాథ్‌తో, ఈసారి ఒప్పందం ప్రకారం చివరి రెండేళ్ళు ప్రధాని కుర్చీ. 2014లో చిన్న రామ్‌గులామ్‌తో కలిసి ఓడారు, 2024లో ఆయనతోనే కలిసి గెలిచి ఉపప్రధాని అయ్యారు. రెండు ఇళ్ళ మధ్య ఉన్న ఒకే ఒక గోడ, ఏ ఇంటివాళ్ళు కప్పు వేసుకున్నా ఆయన మీదే దూలం ఆనాలి.

2017 జనవరిలో 86 ఏళ్ళ పెద్ద జగన్నాథ్ చిన్నవాళ్ళకి దారిస్తానని చెప్పి రాజీనామా చేశారు. కొడుకు ప్రవింద్ ప్రధాని అయ్యాడు. మధ్యలో ఎన్నికల్లేవు. జనం దానికి ‘పాపా-పితి డీల్’ అని పేరు పెట్టారు, అంటే నాన్నా-చిన్నోడి బేరం. మనం ఇలాంటివాటికి ‘యువనాయకత్వం’ అంటాం, కొంచెం గౌరవంగా ఉంటుంది.

ఇక ఓడిన ప్రధానులకి ఫిబ్రవరి గండం. 2014 డిసెంబర్‌లో నవీన్ రామ్‌గులామ్ ఓడిపోయారు, 2015 ఫిబ్రవరిలో అరెస్టయ్యారు. 2024 నవంబర్‌లో ప్రవింద్ జగన్నాథ్ ఓడిపోయారు, 2025 ఫిబ్రవరిలో అరెస్టయ్యారు. డబ్బు కేసులే రెండూ, ఇద్దరూ ఆరోపణలు అబద్ధమన్నారు, ఇద్దరూ బెయిలు మీద బయటికొచ్చారు. మొదటాయన ఆ తర్వాత 2019లోనూ సొంత సీటు ఓడిపోయి, 2024లో 60–0తో ప్రధాని అయ్యారు. అంటే రెండో ఆయన నిరాశపడాల్సిన పనేమీ లేదు.

2024 ఎన్నికల ముందు ఒక సరదా జరిగింది. ‘మిస్యే ముస్తాస్’, అంటే మీసాల బాబు, అనే పేరుతో ఎవరో ఫోన్ సంభాషణలు బయటపెట్టడం మొదలెట్టారు. నాయకులు, పోలీసులు, విలేకరులు, దౌత్యవేత్తలు, ఎవరి గొంతు కావాలంటే వాళ్ళది. ప్రభుత్వం ఏం చేసిందంటే, నవంబర్ 1న దేశం మొత్తానికి సోషల్ మీడియా ఆపేసింది, ఎన్నికల మర్నాటిదాకా. గొడవ పెద్దదై ఒక్క రోజులో ఎత్తేసింది. ఫోన్ ట్యాపింగ్ అనే మాట వినగానే హైదరాబాద్ వైపు నుంచి దగ్గు వినిపిస్తే నా పూచీ లేదు.

మనకీ ఆ దేశానికీ ఉన్న బంధం కోరంగితో అయిపోలేదు. 1980ల నుంచి అమల్లో ఉన్న పన్ను ఒప్పందం పుణ్యమా అని, చాలా ఏళ్ళపాటు ఇండియాకి అతిపెద్ద విదేశీ పెట్టుబడిదారు మారిషస్సే. "కోనసీమంత దేశానికి అంత డబ్బెక్కడిదిరా?" అన్నాడు బాబాయ్. కొంత మనదే కావచ్చు బాబాయ్, గాలి మార్పు కోసం వెళ్ళి, పన్ను కట్టకుండా తిరిగొస్తోందని చాలామంది అనుమానం. 2016లో ఒప్పందం సవరించారు. అంతలో అగాలెగా వచ్చింది. అది మారిషస్‌కే చెందిన కొబ్బరితోటల దీవి, ఉండేది సుమారు 300 మంది. వాళ్ళ కోసం ఇండియా 3 కిలోమీటర్ల రన్‌వే, ఒక జెట్టీ కట్టించింది. 2024 ఫిబ్రవరి 29న ఇద్దరు ప్రధానులూ ప్రారంభించారు. మనిషికి 10 మీటర్ల రన్‌వే చొప్పున వస్తుంది. సైనిక స్థావరం కాదని చెప్పారు కాబట్టి కొబ్బరికాయల కోసమే అయ్యుండాలి. మా కోనసీమ కొబ్బరి రైతు లారీ కిరాయి కోసం బేరమాడుతూ ఈ వార్త చదవకుండా ఉంటే మంచిది.

"బ్రిటిషోడు కూడా ఓడిపోయాడుగా," అన్నాడు బాబాయ్. "వాడికేం దక్కింది?"

చాలానే. 1992లో రిపబ్లిక్ అయ్యేదాకా అక్కడి దేశాధినేత లండన్ రాణి. అయ్యాక కూడా ఆఖరి అప్పీలు లండన్‌లోని ప్రీవీ కౌన్సిల్‌కే. పోర్ట్ లూయిస్‌లో గట్టు తగాదా పెట్టుకుంటే, తీర్పు చెప్పేది థేమ్స్ ఒడ్డున. అన్నిటికంటే పెద్దది, అప్పటిదాకా మారిషస్‌లో భాగంగా ఉండి, వెళ్ళేముందే కొట్టేసిన చాగోస్ దీవులు.

1965లో, స్వాతంత్ర్యానికి ముందు, రామ్‌గులామ్ లండన్ వెళ్ళారు. బ్రిటిష్ ప్రధాని విల్సన్‌కి ఆయన కార్యదర్శి ముందే చీటీ రాసిచ్చాడు: ఈయన్ని ఆశతో భయపెట్టాలి. స్వాతంత్ర్యం వస్తుందని ఆశ, దీవుల విషయంలో తెలివిగా ఉండకపోతే రాదేమోనని భయం. దీవులు విడిపోయాయి. మారిషస్‌కి 30 లక్షల పౌండ్లు ఇచ్చారు. వాటిలో పెద్దదైన డియెగో గార్షియా అమెరికా స్థావరానికి కావలసి వచ్చింది. అక్కడ అయిదారు తరాలుగా కొబ్బరి ఎండబెట్టుకుని బతుకుతున్న జనం ఉన్నారు, 1,500 నుంచి 2,000 మంది. సముద్రపు కొంగలు తప్ప స్థానికులంటూ అక్కడెవరూ మిగలరని లండన్ ఆఫీసులో ఒకాయన ఫైలు మీద రాశాడు. 1968 నుంచి 1973 మధ్య వాళ్ళందర్నీ ఓడలెక్కించి పంపేశారు. తలా ఒక పెట్టె. 1971లో, కొంతమంది ఇంకా ఓడ కోసం ఎదురుచూస్తుండగానే, వాళ్ళ పెంపుడు కుక్కల్ని కొబ్బరి ఎండబెట్టే కొట్టంలోకి తోలి, తలుపులేసి, పొగ పెట్టి చంపారు.

బాబాయ్ కాళ్ళ దగ్గర మా ఇంటి కుక్క పడుకుని ఉంది. ఆయన పెన్ను పక్కన పెట్టాడు.

నేను మాత్రం గంభీరంగా సాగించాను. 2019లో అంతర్జాతీయ న్యాయస్థానం బ్రిటన్ అక్కడి నుంచి తప్పుకోవాలని అభిప్రాయం చెప్పింది. అదే ఏడాది ఐక్యరాజ్యసమితిలో 116 దేశాలు అవునన్నాయి, 6 కాదన్నాయి. 2022లో మారిషస్ ఓడలో కొందరు చాగోస్‌వాళ్ళు వెళ్ళి పుట్టిన దీవి ఇసకని ముద్దు పెట్టుకుని తిరిగొచ్చారు. 2025 మే 22న బ్రిటన్, మారిషస్ ఒప్పందం మీద సంతకాలు చేశాయి. ఆ ఒప్పందం ప్రకారం దీవులు మారిషస్‌వి, డియెగో గార్షియా మాత్రం బ్రిటన్‌కి 99 ఏళ్ళు లీజు. ఏడాదికి సగటున 10 కోట్ల పౌండ్లకు పైగా అద్దె.

"అద్దె ఆ జనానికా?"

"మారిషస్ ఖజానాకి. వాళ్ళ కోసం 4 కోట్ల పౌండ్లతో ఒక ట్రస్టు పెడతారట. మారిషస్సే చూసుకుంటుంది."

"మరి ఇళ్ళకి వెళ్తారా?"

"ఒప్పందం అమల్లోకొస్తే మిగతా దీవులకి వెళ్ళొచ్చు. డియెగో గార్షియాకి కాదు. అక్కడ అమెరికా వాళ్ళున్నారుగా."

"ఒప్పందం చేసేటప్పుడు వాళ్ళనెవరూ అడగలేదా?"

"వాళ్ళు ఏ పార్టీ తరఫునా నిలబడలేదు బాబాయ్. నిలబడితేనే ఓడినట్టు. ఓడితేనే బెస్ట్ లూజర్."

బాబాయ్ పెన్ను మళ్ళీ తీసి ఎడమవైపు ‘చాగోస్’ అని రాశాడు. కుడివైపు ఏం రాయాలా అని ఆలోచిస్తుండగా, లోపలి నుంచి పిన్ని వచ్చి, పకోడీల్లో నూనె పీల్చడానికి కాగితం లేదంటూ ఆ కరపత్రం లాక్కుని వెళ్ళిపోయింది.